డ్రోన్ మర్చిపోవద్దన్నా!

"ఐదు నిమిషాల డాక్యుమెంటరీనే కదన్నా, పొద్దున పోయి సాయంత్రానికి వచ్చేద్దాం. డ్రోన్ మాత్రం మర్చిపోవద్దు." నిన్న ఒక సంస్థ ఆయన ఫోన్. విషయమేమంటే కోసిగి పక్క వలసలు. వలసకు డ్రోన్ ఏం చేస్తాదప్పా? తలుపుకేసిన తాళం పైనుంచి కనపడదు.

మా కర్నూలు పడమటి మండలాల్లో దీన్ని సుగ్గి అంటారు. కోసిగి, మంత్రాలయం, ఆదోని చుట్టుపక్కల ఊర్ల నుంచి పిల్లాజెల్లాతో గుంటూరు పక్కకు పోతారు, పత్తి తీసేకి, మిరపకాయలు కోసేకి. ఒక ఏడాది ఆ బండి బయల్దేరేది తీద్దామని ఒక ఊర్లో దిగినా. ఎప్పుడు పోతారంటే ఒకటే జవాబు, "మేస్త్రీ ఫోన్ చేస్తే." నాలుగు రాత్రులు అరుగు మీదే పడుకున్నా. ఐదో రోజు కర్నూల్లో పెండ్లి షూటింగ్. అడ్వాన్సు తీసుకుంటి, పోక తప్పలేదు. ఆ రాత్రే బండి పోయింది. తిరిగి పోతే ఇంటి ముందర అవ్వ ఒక్కతే ఉంది. "నిన్న ఉండింటే బాగుండు కదప్పా" అనింది. నా సినిమాలో ఆ బండి లేదు, అవ్వ ఉంది.

డైరెక్టరూ నువ్వే, కెమెరామెనూ నువ్వేనా, భలే అంటారు. సగం ఇంకొకరికి కూలి ఇయ్యలేక. మిగతా సగం నిజంగానే పనికోసం. ఎదురుగా జరిగేది పక్కనోనికి చెప్పి తీపించే లోపల అయిపోతాది. డాక్యుమెంటరీలు తీసే ఆనంద్ పట్వర్ధన్ లాంటాయన కూడా చాలా సినిమాలకు తానే కెమెరా పట్టుకున్నాడు. కానీ దీన్ని నేను గొప్పగా చెప్పుకోను. కన్ను వ్యూఫైండర్‌లో పెట్టి అడిగితే అవతలి మనిషి గాజుముక్కకు జవాబు చెప్తాడు, నాకు కాదు. ఆ నష్టం నా ప్రతి సినిమాలోనూ కనపడ్తాది.

2023లో 'ది ఎలిఫెంట్ విస్పరర్స్' డాక్యుమెంటరీకి ఆస్కార్ వస్తే మా ఊర్లో అందరూ స్టేటస్‌లు పెట్టిరి. డైరెక్టర్ కార్తికి గొన్సాల్వెస్ దానికి ఐదేండ్లు పెట్టింది. దాదాపు 450 గంటల ఫుటేజి తీస్తే మిగిలింది 40 నిమిషాలు. ఆ స్టేటస్ పెట్టినోళ్లే నన్ను సాయంత్రానికి రమ్మంటారు!

దేవరగట్టు సంగతీ అంతే. దసరా రాత్రి కర్రలతో కొట్టుకునే బన్ని ఉత్సవానికి ఎన్ని కెమెరాలో! పగిలిన తలకాయలు తీసుకొని తెల్లారేసరికి మాయం. కర్రలు పట్టేది ఎవరు, ఏ మొక్కు మీద పడ్తారు, ఆ గట్టు కింద మిగతా ఏడాదంతా ఎట్ల బతుకుతారు, అది తీసే నాథుడు లేడు. దివిటీల వెలుతుర్లో బొమ్మ చుక్కలు చుక్కలుగా వస్తాది, నిజమే. రానీ. చీకటి చీకటిగానే ఉండాల.

మనకు షూటింగ్ రోజుకు లెక్క కడ్తారు గానీ కాచుకున్న రోజుకు కట్టరు. నా పనిలో ముక్కాలు భాగం కాచుకోవడమే.

ఆయనకింకా జవాబు చెప్పలేదు. ఈ నెల ముహూర్తాలు లేవు. డ్రోన్ బాడుగ ఎంతో కనుక్కుంటాండా.