ఆయనగారికి ఒక్క అయిదేళ్ళు మిలిటరీ కావాలట!

పొద్దున్నే ఇడ్లీ పార్సిల్ కోసం నిలబడ్డాను, అదీ నేను చేసిన తప్పు. ఎదురుగా ఎవడో కుర్రాడు రాంగ్ రూట్లో బండేసుకొచ్చి ఆటోవాడితో తగువు పెట్టుకున్నాడు. నా పక్కన పేపరు చంకలో పెట్టుకుని ఓ రిటైర్డ్ మాస్టారు. "ఈ దేశానికి ఒక్క అయిదేళ్ళు మిలిటరీ పడాలండీ. అప్పుడుగానీ దారికి రారు" అన్నారు. చుట్టూ నలుగురూ తలలూపారు. చట్నీ పోసేవాడైతే గరిటె ఆపి మరీ ఊపాడు.

మాది బర్మా (ఇప్పటి మయన్మార్) నుంచి వచ్చిన కుటుంబం. మండదా మరి?

పడింది కదా మాస్టారూ, సముద్రానికి అవతల ఆ బర్మాలోనే పడింది. 2021 ఫిబ్రవరి 1న. మీరడిగిన కొలతే, అయిదేళ్ళు. అంతకు మూడు నెలల ముందు జరిగిన ఎన్నికల్లో ప్రజానాయకురాలు ఆంగ్ సాన్ సూకీ పార్టీకి 396 సీట్లు, సైన్యం తాలూకు పార్టీకి 33. పార్లమెంటులో పాతిక శాతం సీట్లు ఎలాగూ సైన్యానివే, రాజ్యాంగంలోనే రాసుకున్నారు. అదీ చాలలేదు. దొంగ ఓట్లన్నారు, పీఠమెక్కేశారు.

అయిదేళ్ళూ వద్దు, 2025 ఒక్కటీ చూడండి. మార్చి 28న 7.7 భూకంపం. మాండలే, సగాయింగ్ కుప్పకూలాయి, మూడున్నర వేలమందికి పైగా పోయారు. ఇంకా శిథిలాల కింద మనుషులుండగానే విమానాలెళ్ళాయి. సాయానికి అనుకున్నారా? బాంబులెయ్యడానికి. తర్వాత పెద్ద మనసు చేసుకుని కాల్పుల విరమణ అన్నారు. ఆ విరమణ రోజుల్లోనే, మే 12న, సగాయింగ్‌లో ఓ పల్లె బడి మీద వేశారు. పోయింది ఇరవైమంది దాకా పిల్లలు. క్రమశిక్షణ అంటే ఇదేనేమో మరి, మాస్టారు కాబట్టి ఆయనకే తెలియాలి.

అక్టోబరు 6 సంగతి నాకు ఇప్పటికీ మింగుడు పడదు. వాళ్ళకి పున్నమి దీపాల పండగ, మన దీపావళి లాంటిది. చౌంగ్ ఊ అనే ఊళ్ళో జనం కొవ్వొత్తులు పట్టుకుని కూర్చున్నారు. పైనుంచి పారామోటారు వచ్చింది. అంటే ఏం లేదు, వీపుకి ఇంజనూ ఫ్యానూ కట్టుకుని, గొడుగులాంటి రెక్క కింద వేలాడుతూ మనిషి ఎగురుతాడు. సరదాకి ఎగిరేవాళ్ళని వీడియోల్లో చూసే ఉంటారు. చెట్లు కోసే రంపంలా గుర్రుమని మోత. వాడు పైనుంచి దీపాలు చూసుకుంటూ బాంబు జారవిడిచాడు. ఇరవైమందికి పైగా పోయారు. జెట్‌లో వెళ్ళేవాడికి కింద చుక్కలే కనిపిస్తాయంటారు, నిజమే అనుకుందాం. వీడికి మొహాలే కనిపించి ఉంటాయి కదా! డిసెంబరు 10న మ్రౌక్ ఊ అనే ఊళ్ళో ఆసుపత్రి మీద బాంబులు. ముప్పైమందికి పైగా పోయారు. ఆ రోజు మానవ హక్కుల దినోత్సవం కూడాను, ముహూర్తం భలే చూసుకున్నారు.

మధ్యలో జూలై 31న ఎమర్జెన్సీ ఎత్తేశారు. అబ్బో అనుకునేలోపు అరవైకి పైగా టౌన్‌షిప్పుల్లో (మన మండలాల్లాంటివి) మార్షల్ లా. ఏలుతున్న సైనిక కౌన్సిల్‌కి 'భద్రత, శాంతి కమిషన్' అని కొత్త బోర్డు. మనుషులు వాళ్ళే, కుర్చీలు అవే. డిసెంబరు 28న ఎన్నికలు మొదలు. గెలవగలిగిన పార్టీని 2023లోనే రద్దు చేశారు, దాని నాయకురాలు సూకీ అప్పటికి ఎనభై ఏళ్ళ వయసులో జైల్లో. ఎన్నికలకి అడ్డు తగిలితే మూడేళ్ళ జైలు నుంచి ఉరిదాకా చట్టం. ఫేస్‌బుక్‌లో విమర్శించిన ఒకాయనకి ఏడేళ్ళు వేశారు. అంటే ఈ పోస్టుకి నాకెన్నేళ్ళో లెక్కేసుకోండి, లైక్ కొట్టినవాళ్ళు కూడా!

మరి అంత గట్టి మిలిటరీ కదా, థాయ్‌లాండ్ సరిహద్దులోని మియావడీలో సైబర్ మోసాల కోటలు ఎలా లేచాయి? సైన్యంతో చెయ్యి కలిపిన ముఠాల ఇలాకాలోనే లేచాయి. ఉద్యోగమని థాయ్‌లాండ్ వెళ్ళి అందులో ఇరుక్కున్నవాళ్ళలో మన తెలుగు పిల్లలూ ఉన్నారు. 2025 మార్చిలో మన వాయుసేన విమానాలు అయిదొందల మందికి పైగా వెనక్కి తెచ్చాయి. మాస్టారి పేపర్లో ఇదంతా వచ్చే ఉంటుంది. ఆయన రాశిఫలాలు చదువుతున్నట్టున్నారు.

ఇందులో సగం కూడా అనలేదు నేనక్కడ, రెండు ముక్కలే అన్నాను. దానికాయన నవ్వి, "మీ బర్మా వాళ్ళకి అన్నీ అతేనయ్యా" అన్నారు.

అదీ! అరవై ఏళ్ళు దాటింది మేం ఇక్కడికొచ్చి. మా నాన్నమ్మ రంగంలోనే, అంటే రంగూన్‌లోనే పుట్టింది. అక్కడ తెలుగోళ్ళందర్నీ కోరంగీలనేవారు, కాకినాడ దగ్గరి కోరంగి రేవు మొహం చూడనివాళ్ళని కూడా. 1962లో జనరల్ నే విన్ అనే సైన్యాధిపతి గద్దెనెక్కాడు, ఆయన కూడా దేశాన్ని బాగుచెయ్యడానికే. 1964లో దుకాణాలు జాతీయం చేశాడు, మే 17న యాభై, వంద చాట్ నోట్లు (చాట్ అంటే అక్కడి రూపాయి) చెల్లవన్నాడు. (పెద్దయ్యాక ఆయనకి తొమ్మిది అంకె పిచ్చి పట్టి 45, 90 చాట్ నోట్లు వేశాడు. తమాషా కాదు, నిజం. మందలించడానికి ఎదురుగా మనిషే లేకపోతే అంతే.) లక్షలమంది ఓడలెక్కారు. విశాఖ రేవులో దిగాక నాన్నమ్మకి అర్థమైందట, అక్కడ కోరంగి, ఇక్కడ బర్మా. మా వీధి పేరు చెప్తే ఇప్పటికీ "ఓ, బర్మా వాళ్ళా" అంటారు. అదే నోటితో ఇంటి తలుపు చూపించి "ఒరిజినల్ బర్మా టేకు" అని మురిసిపోతారు. కర్రకున్న మర్యాద మాకు లేదు.

నాన్నమ్మ రేకు పెట్టెలో ఆ చెల్లని వంద చాట్ నోటు ఒకటి ఇప్పటికీ ఉంది, మడతల దగ్గర చిరిగిపోతూ. రేపు అది పట్టుకెళ్ళి మాస్టారి ఇడ్లీకి నేనే డబ్బులిస్తాను. చట్నీ రెండోసారి వేయించుకోమనండి.