విండోస్ 7కి ఇక అప్‌డేట్లే ఎక్కవా?

"విండోస్ 7కి 2020లోనే సపోర్ట్ ఆగిపోయింది. ఇప్పుడు అప్‌డేట్లు దొరకవు, దొరికినా ఎక్కవు. మంచి యాంటీవైరస్ ఉంటే చాలు." వాట్సాప్‌లో తెగ తిరుగుతున్న ఈ మాటల్లో మొదటిదొక్కటే నిజం.

దొరకవనడం తప్పు. 2020 జనవరి 14 తర్వాత అందరికీ ఉచితంగా కొత్తవి ఇవ్వడం ఆగింది, అంతే. అప్పటిదాకా వచ్చినవి మైక్రోసాఫ్ట్ అప్‌డేట్ కేటలాగ్ వెబ్‌సైట్‌లో ఊరికే దొరుకుతాయి.

ఎక్కవన్న మాట పుట్టింది మాత్రం నిజంగా పడ్డ అవస్థలోంచే. 2019 నడిమి నుంచి ఈ అప్‌డేట్లకు షా-2 (SHA-2) డిజిటల్ సంతకమే, అంటే ఫైల్ అసలుదేనని తేల్చే కొత్తరకం గుర్తే, వేశారు. పాత సిస్టమ్ దాన్ని గుర్తుపట్టలేక 80092004 ఎర్రర్ చూపి ఆగిపోతుంది. ముందు రన్ (విండోస్ కీ + R) పెట్టెలో 'విన్‌వెర్' (winver) కొట్టి సర్వీస్ ప్యాక్ 1 అనే పెద్ద అప్‌డేట్ ఉందో లేదో చూడండి. ఉంటే కేబీ4490628 (కేబీ అంటే అప్‌డేట్ నంబర్, KB) వేసి రీస్టార్ట్, కేబీ4474419 వేసి రీస్టార్ట్, తర్వాత కేబీ4536952, ఆఖర్న 2020 జనవరి రోలప్ (అప్పటిదాకా వచ్చినవి కలిపిన మూట) కేబీ4534310. వరుస మార్చొద్దు. "మీ కంప్యూటర్‌కు వర్తించదు" అని వస్తే 32 బిట్, 64 బిట్ ఫైళ్లు తారుమారయ్యాయేమో చూసుకోండి. "అప్‌డేట్ల కోసం వెతుకుతోంది" దగ్గరే గంటలకొద్దీ నిలిచిపోతే, విండోస్ అప్‌డేట్ సెట్టింగ్‌లో 'ఎప్పుడూ వెతకవద్దు' ఎంచుకుని, నెట్ తీసేసి, రీస్టార్ట్ చేశాక మళ్లీ ఆ అప్‌డేట్ ఫైల్ తెరవండి.

కేబీ4534310 వేశాక 'స్ట్రెచ్'లో (తెరంతా సాగదీసి) పెట్టిన వాల్‌పేపర్ నల్లగా మారడం మైక్రోసాఫ్ట్ చేసిన తప్పే. కేబీ4539601తో సర్దుకుంటుంది.

2020 ఫిబ్రవరి నుంచి వచ్చిన నెలవారీ రోలప్‌ల సంగతి వేరు. అవి డబ్బు కట్టి ఈఎస్‌యూ (సపోర్ట్ ఆగాక కూడా అప్‌డేట్లు ఇచ్చిన పథకం, 2023 జనవరితో అదీ ముగిసింది) తీసుకున్నవారికే ఇచ్చారు. ఆ లైసెన్స్ లేకుండా వేస్తే, రీస్టార్ట్‌లో విఫలమై మార్పులన్నీ వెనక్కి పోతాయి. అది చూసి "ఏదీ ఎక్కదు" అని తేల్చేస్తున్నారు.

యాంటీవైరస్ చాలనేవాళ్లకు 2017 గుర్తుచేయాలి. మే 12న విరుచుకుపడ్డ వానాక్రై (ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే వైరస్) ఎవరూ ఏదీ క్లిక్ చేయకుండానే 445 పోర్ట్ (నెట్‌వర్క్ ద్వారం) గుండా, ఫైళ్లు పంచుకునే ఎస్‌ఎంబీలోని లోపంతో ఒక సిస్టమ్ నుంచి ఇంకోదానికి పాకింది. ఆ లోపాన్ని పూడ్చే ప్యాచ్ మార్చి 14నే వచ్చింది. కన్నం ఉన్నది విండోస్ గుండెకాయ లాంటి కెర్నల్‌లో. యాంటీవైరస్ ఒకోసారి దాడిని అడ్డుకోవచ్చు గానీ కన్నాన్ని పూడ్చలేదు.

వేగం తగ్గుతుందన్న భయమా? రీస్టార్ట్ అయ్యాక కాసేపు 'ట్రస్టెడ్‌ఇన్‌స్టాలర్' (అప్‌డేట్లు ఎక్కించే విండోస్ భాగం) ప్రాసెసర్‌ను వాడుకుంటుంది, మధ్యలో ఆపకండి.

ఇవన్నీ వేసినా 2020 జనవరి తర్వాత బయటపడ్డ లోపాలు అలాగే ఉంటాయి. ఆ మెషీన్‌లో బ్యాంకు పని పెట్టుకోవద్దు. రౌటర్‌లో 445, 3389 (రిమోట్ డెస్క్‌టాప్‌ది) పోర్టులను బయటికి తెరవొద్దు.