కెమెరా పెట్టి వదిలేస్తే డాక్యుమెంటరీ అయిపోదు

"డాక్యుమెంటరీలో మామూలు మనుషులు నటించరు, రీటేకులుండవు. రెండ్రోజులైతే కెమెరా సంగతే మర్చిపోతారు. మాటలు వాళ్ల నోటివే కాబట్టి మోసానికి చోటే లేదు. సంతకం పెట్టాక గొడవపడడం అన్యాయం." తెగ షేరవుతున్న ఈ వాదనలో ఒక్క ముక్కా పూర్తిగా నిలబడదు.

రీటేకులుండవా? ఒకాయన తలుపు తీయడం బయటి నుంచి, లోపలికి రావడం గదిలోంచి కనిపించిందంటే, ఉన్నది ఒకే కెమెరా అయితే ఆయన రెండుసార్లు వచ్చినట్టే. ఇది ఇవాళ్టి సంగతి కాదు. 1922 నాటి 'నానూక్ ఆఫ్ ద నార్త్' డాక్యుమెంటరీలో ఇగ్లూ (మంచు ఇల్లు) లోపలి దృశ్యాలకు వెలుతురు చాలక సగం ఇగ్లూ కట్టి తీశారు.

ఇంటర్వ్యూల్లోనూ అంతే. అడిగేవాళ్ల గొంతు ఎడిటింగ్‌లో తీసేస్తారు. "పని ఎప్పుడు మానేశారు?" అంటే "ఐదేళ్లయింది" అన్న జవాబు ఒంటరిగా దేనికీ పనికిరాదు. అందుకే "నేను పని మానేసి ఐదేళ్లయింది" అని మళ్లీ చెప్పమంటారు. రెండోసారి చెప్పేసరికి మాట శుభ్రపడుతుంది, కదిలించే గుణం పోతుంది. ఈ పద్ధతి ముందే చెప్పి, ప్రశ్నలు మాత్రం ముందుగా ఇవ్వకపోవడం మేలు. ఇస్తే బట్టీపట్టి వస్తారు.

కెమెరాను మర్చిపోతారన్నది సగం నిజం. అలవాటు పడతారు. కానీ మాట పూర్తికాగానే "సరిగ్గా చెప్పానా?" అన్నట్టు డైరెక్టర్ వైపు ఓ చూపు పడుతుంది, ఆ చూపును ఎడిటర్ కోసేస్తాడు. నిజంగా మర్చిపోయేది చొక్కాకు పెట్టిన మైకును. పక్కగదిలో గుసగుసగా అన్నది కూడా రికార్డవుతుంది. విరామంలో దాన్ని ఆపించుకోవాలి.

అసలు ప్రమాదం మూడో వాదనలో ఉంది. మాటలు వాళ్లవే, వరస ఎడిటర్‌ది. రెండు చోట్ల అన్న ముక్కలు అతికి ఒక వాక్యం చేయడాన్ని రియాలిటీ షోల పరిభాషలో ఫ్రాంకెన్‌బైట్ అంటారు. అతుకు దగ్గర ముఖం తీసేసి చేతులో, తలూపుతున్న ఎదుటి మనిషినో చూపిస్తారు. వెనక శబ్దం తెగినట్టు వినపడకుండా, ముందే అరనిమిషం పాటు రికార్డు చేసి పెట్టుకున్న ఖాళీ గది శబ్దం కింద పరుస్తారు. పట్టుకోవాలంటే చెవి ఒగ్గాలి: వాక్యం ముగిసినా గొంతు ఇంకా ఏదో చెప్పబోతున్నట్టు పైకే ఉండిపోతుంది. ముఖం తప్పించిన ప్రతిచోటా మోసమని కాదు. నత్తి, నసుగుడు తీసేయడానికీ ఇదే పని చేస్తారు.

ఇక సంతకం. తమను తీసి చూపించడానికి ఒప్పుకునే పత్రం మీద చాలాసార్లు షూటింగ్ మొదటి రోజే, తామేం మాట్లాడబోతున్నారో తమకే తెలియక ముందే సంతకం పెడతారు. ఎలాగైనా ఎడిట్ చేసుకునే హక్కు మామూలుగా అందులోనే ఉంటుంది. తీసినదాన్ని విడుదలకు ముందే పాల్గొన్నవాళ్లకు చూపించడం అసాధ్యమనేవాళ్లకు 1961 నాటి ఫ్రెంచి చిత్రం 'క్రానిక్ దన్ ఎతే' ఉంది: తీసింది వాళ్లకే వేసి చూపి, వాళ్ల వాదులాటను కూడా సినిమాలో పెట్టారు. సంతకానికి ముందు ఎక్కడెక్కడ వాడతారు, వేరే కార్యక్రమాలకు ఇస్తారా, తుది కూర్పుకు ముందు చూపిస్తారా అని అడగాలి. నోటితో ఇచ్చిన హామీని ఆ పత్రంలోనే రాయించుకోవాలి.