ఊరుకుంటే వదిలేస్తామన్నారు

బోస్టన్ చూడ్డానికి వెళ్లే మనవాళ్లు మసాచుసెట్స్ శాసనసభ భవనం దగ్గర, ఆ బంగారు గుమ్మటం వెనకాల పడేలా ఫోటో దిగి వచ్చేస్తుంటారు. అదే ఆవరణలో ఒక కంచు విగ్రహం ఉంది. సాదా గౌను వేసుకుని, తల కొంచెం వంచి, చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చున్న ఒక స్త్రీ. చేతిలో కత్తి లేదు, పుస్తకం కూడా లేదు. ఎవరో అలసిపోయి కాసేపు కూర్చున్నట్టు ఉంటుంది. ఆమె పేరు మేరీ డయ్యర్. ఆమె క్వేకర్ (ఒక క్రైస్తవ శాఖ మనిషి) అనీ, మత స్వేచ్ఛకు సాక్షి అనీ, 1660లో ఉరితీశారనీ కింద చెక్కి ఉంటుంది. ఉరి వేయించింది అప్పట్లో అదే ఊళ్లో కూర్చున్న అదే శాసనసభ. విగ్రహం పెట్టడానికి ఆ సభకు దాదాపు 300 ఏళ్లు పట్టింది.

ఇంగ్లండ్ చర్చిని ఇంకా శుద్ధి చేయాలన్న క్రైస్తవులు, అంటే ప్యూరిటన్లు, మత స్వేచ్ఛ కోసం సముద్రం దాటి అమెరికా వచ్చారన్నది మనమంతా బళ్లో చదువుకున్న వాక్యం. ఈ పత్రికలోనూ ఎప్పుడో ఒకప్పుడు అచ్చయ్యే ఉంటుంది. అది అబద్ధమని అనలేం. ఇంగ్లండ్‌లో బిషప్పుల పెత్తనం భరించలేకే వాళ్లు వచ్చారు. బిషప్పులను తిట్టిపోసిన విలియం ప్రిన్ అనే ప్యూరిటన్ లాయరుకు 1634లో చెవులు కోశారు, 1637లో మిగిలిన మొదళ్లు కూడా తెగ్గోశారు. ఇంకో ఇరవై ఏళ్లు ముందుకు వెళ్దాం. 1658లో బోస్టన్ జైల్లో ముగ్గురు క్వేకర్ యువకులకు కుడి చెవులు కోశారు. ఈసారి కోయించింది అప్పట్లో మసాచుసెట్స్‌ను ఏలిన ప్యూరిటన్లే. అదీ నలుగురూ చూసేచోట కాదు, జైలు గోడల మధ్య. తప్పు పని కాకపోతే చీకట్లో ఎందుకు చేస్తున్నారని కేథరిన్ స్కాట్ అనే ఆవిడ నిలదీసింది. ఆమె పిల్లల తల్లి, ఊళ్లో మర్యాద ఉన్న మనిషి. అడిగినందుకు ఆమెకు రెండు నెలల జైలు, ముడులు వేసిన కొరడాతో పది దెబ్బలు.

చెవులు కోయించుకున్నవాళ్లు చెవులు కోసేవాళ్లయ్యారని ఆశ్చర్యపోయి ఆగిపోతే సరిపోదు. ఈ కథలో పదేపదే కనబడేది ఇంకొకటుంది. శిక్ష వేసిన ప్రతిచోటా అధికారులు క్వేకర్ ఆడవాళ్ల ముందు ఒక బేరం పెట్టారు. నీ మనసులో ఏమైనా నమ్ముకో, మాట్లాడకుండా వెళ్లిపో, వదిలేస్తాం. వాళ్లు ఊరుకుని ఉంటే అసలు గొడవే లేదు.

మొదటి ఇద్దరి సంగతే చూడండి. 1656 జులైలో మేరీ ఫిషర్, ఆన్ ఆస్టిన్ బార్బడోస్ నుంచి ఓడలో బోస్టన్ చేరారు. ఫిషర్ యార్క్‌షైర్‌లో ఒక ఇంట్లో పనిమనిషి. ఆస్టిన్ అయిదుగురు పిల్లల తల్లి. అప్పటికి మసాచుసెట్స్‌లో క్వేకర్ల మీద చట్టం కూడా లేదు. అయినా గవర్నర్ ఊళ్లో లేని సమయంలో డిప్యూటీ గవర్నర్ బెల్లింగ్‌హామ్ వాళ్లను ఓడలోనే ఆపించాడు. పెట్టెల్లో దొరికిన వందదాకా పుస్తకాలను సంతలో తలారి చేత తగలబెట్టించాడు. మంత్రగత్తెల మచ్చలున్నాయేమోనని బట్టలు విప్పించి ఒళ్లంతా వెతికించాడు. జైల్లో పెట్టాక కిటికీకి చెక్కలు కొట్టించాడు. లోపలివాళ్ల మాట బయటికి వినబడకూడదని, బయటివాళ్లెవరూ పలకరించకూడదని. పలకరిస్తే అయిదు పౌండ్ల జరిమానా. నికొలస్ అప్సాల్ అనే ముసలి సత్రం యజమాని జైలరుకు వారానికి అయిదు షిల్లింగులిచ్చి వాళ్లకు తిండి అందేలా చూశాడు. అయిదు వారాల తర్వాత వచ్చిన దారినే ఓడ ఎక్కించి పంపేశారు. తిండి పెట్టించిన అప్సాల్‌కు చివరికి దక్కింది ఊరి బహిష్కారం.

ఇద్దరు ఆడవాళ్లకు అంత కంగారెందుకు? మనిషి లోపలే దేవుడి వెలుగు ఉంటుందనీ, దాన్ని చూడ్డానికి జీతం తీసుకునే పాస్టరు అక్కర్లేదనీ క్వేకర్ల నమ్మకం. ఆ వెలుగుకు ఆడా మగా తేడా లేదు కాబట్టి ఎవరికి ప్రేరణ కలిగితే వాళ్లు లేచి మాట్లాడవచ్చు. పైగా ఎంత గొప్పవాడు ఎదురుపడినా టోపీ తీయరు. అందరినీ ఒకే మాటతో పిలుస్తారు. అప్పటి ఇంగ్లిష్‌లోనూ మనకున్నట్టే 'నువ్వు', 'మీరు' ఉండేవి. క్వేకర్లు జడ్జీని కూడా 'నువ్వు' అనేవారు. అదెంత మండిపోయే విషయమో తెలుగువాళ్లకు విడమర్చి చెప్పనక్కర్లేదు. యార్క్‌షైర్ పనిమనిషి వచ్చి గవర్నరును నువ్వు అంటూ బైబిల్‌కు అర్థం చెబుతానంటే, పాస్టర్ల మాట మీద నిలబడ్డ ఆ రాజ్యం కాళ్ల కింద నేల కదిలినట్టే. స్త్రీలు సంఘంలో మౌనంగా ఉండాలని బైబిల్‌లో పౌలు అన్న మాట వాళ్ల దగ్గర ఉండనే ఉంది. దానికి జవాబుగా ఇంగ్లండ్‌లో మార్గరెట్ ఫెల్ జైలు నుంచే ఒక చిన్న పుస్తకం రాసింది. స్త్రీలు మాట్లాడటం లేఖనాలకు విరుద్ధం కాదని అదే బైబిల్‌తో వాదించింది. అది 1666లో అచ్చయింది.

అలాగని క్వేకర్లను సాధువులుగా చూపించడం మాకు ఇష్టం లేదు. ప్రసంగం మధ్యలో లేచి పాస్టరును అబద్ధాలకోరు అనేవారు. న్యూబరీలో లిడియా వార్డెల్ అనే ఆవిడ, మీ ఆత్మలు ఇలా దిగంబరంగా ఉన్నాయని చూపడానికి, ఒంటిమీద బట్ట లేకుండా చర్చిలోకి నడిచి వచ్చింది. మన గుడిలోనో, మసీదులోనో, చర్చిలోనో ఎవరైనా అలా చేస్తే మనకూ ఒళ్లు మండుతుంది. పోలీసులను పిలుస్తాం, పిలవడం సబబే. కానీ అడ్డు తగలకుండా ఆపడం వేరు, నాలుకకు కాల్చిన ఇనుము గుచ్చడం వేరు. 1657 చట్టంలో ఉన్నది రెండోదే. మగవాళ్లకు మొదటి తప్పుకు ఒక చెవి, రెండోదానికి రెండో చెవి, ఆడవాళ్లకు కొరడా, మూడోసారి వస్తే ఆడైనా మగైనా నాలుకకు చిల్లు. చట్టం దేనికి భయపడిందో ఆ చివరి శిక్షలోనే తెలిసిపోతుంది.

అదే ఏడాది పక్కనే ఉన్న రోడ్ ఐలాండ్‌కు ఇరుగుపొరుగు కాలనీలు ఉత్తరం రాశాయి, క్వేకర్లను మీరూ తరిమేయండని. రోడ్ ఐలాండ్ నాయకులకు క్వేకర్ల మాటలు నచ్చి కాదు కానీ, మనసులోని మాట చెప్పినందుకు శిక్షించే చట్టం మా దగ్గర లేదని జవాబిచ్చారు. ఇంకో సంగతి కూడా చేర్చారు. ఎక్కడ వాళ్లను మాట్లాడనిచ్చి మాటతోనే ఎదుర్కొంటున్నామో, అక్కడికి రావడానికి వాళ్లకే పెద్దగా ఆసక్తి ఉండటం లేదట. ఆ కాలంలో పరిపాలన గురించి రాసిన ఉత్తరాల్లో ఇంత ఇంగితం ఉన్నది ఇంకొకటి చూపించమంటే మేం తడుముకోవాల్సిందే.

బోస్టన్ వినలేదు. 1658 అక్టోబరులో, బహిష్కరించాక తిరిగొస్తే ఉరి అని చట్టం చేసింది. అదీ ఒక్క ఓటు తేడాతో. మసాచుసెట్స్‌లోనే ఉన్న సేలం అనే ఊళ్లో క్వేకర్లకు ఆశ్రయమిచ్చిన కసాండ్రా సౌత్‌విక్, లారెన్స్ సౌత్‌విక్ దంపతుల ఆస్తి జరిమానాల కింద హరించుకుపోయింది. వాళ్ల కొడుకు డేనియల్, కూతురు ప్రొవిడెడ్ జరిమానా కట్టలేదని, ఇద్దరినీ వర్జీనియాకో బార్బడోస్‌కో అమ్మేయమని 1659లో కోర్టు ఉత్తర్వు ఇచ్చింది. వాళ్లను ఎక్కించుకోవడానికి ఓడ కెప్టెన్ ఒక్కడూ ఒప్పుకోలేదు. అమ్మకం జరగలేదు. ఆ ఉత్తర్వు కాగితం మీదే మిగిలింది.

మేరీ డయ్యర్ ఈ గొడవలోకి కొత్తగా వచ్చిన మనిషి కాదు. 1638లో, ఇంట్లో మీటింగులు పెట్టి బైబిల్ చర్చించినందుకు ఆన్ హచిన్సన్‌ను చర్చి నుంచి వెలివేసినప్పుడు, అంతమంది ముందు లేచి ఆమె పక్కన నడుచుకుంటూ బయటికి వెళ్లింది డయ్యరే. అందుకు ప్రతిఫలం కూడా దక్కింది. అంతకుముందు ఆమెకు చచ్చి పుట్టిన బిడ్డను గవర్నర్ విన్‌త్రాప్ గోతిలోంచి తవ్వి తీయించి, వైకల్యాన్ని దేవుడి శాపంగా ఊరూరా చాటించాడు. అక్క బహిష్కారాన్నీ చెల్లెలి కొరడా దెబ్బల్నీ చూసిన కుటుంబం హచిన్సన్‌ది. పైన చెప్పిన కేథరిన్ స్కాట్ ఆమె తోబుట్టువే.

రోడ్ ఐలాండ్ వెళ్లిపోయిన డయ్యర్ తర్వాత ఇంగ్లండ్‌లో క్వేకర్‌గా మారింది. 1657లో తిరిగి వస్తూ బోస్టన్‌లో ఓడ దిగగానే జైల్లో వేశారు. భర్త వచ్చి పూచీకత్తు రాసిస్తే గానీ వదల్లేదు. షరతు ఏమిటంటే, కాలనీ సరిహద్దు దాటేదాకా దారిలో ఏ ఊళ్లోనూ ఆగకూడదు, ఆమెతో ఎవరూ మాట్లాడకూడదు. ఇంటికి వెళ్లింది, మళ్లీ వచ్చింది. 1659 అక్టోబరు 27న విలియం రాబిన్సన్, మార్మడ్యూక్ స్టీఫెన్సన్ అనే ఇద్దరు యువకుల చేతులు పట్టుకుని ఉరికొయ్యకు నడిచింది. వాళ్లు నోరు తెరిచినప్పుడల్లా డ్రమ్ములు వాయించారు. ఇద్దరినీ ఆమె కళ్ల ముందే ఉరి వేశారు. ఆమెకూ చేతులు కాళ్లు కట్టి, మెడకు తాడు వేశారు. ముఖం కప్పడానికి పాస్టర్ విల్సన్ తన చేతిరుమాలు ఇచ్చాడు. ఒకప్పుడు ఆమె వెళ్లిన చర్చికి ఆయనే పాస్టరు. అప్పుడు చదివారు, శిక్ష ఆపామని. ముందే రాసి పెట్టుకున్న కాగితమది. భయపడుతుందని, బతుకు మీద తీపితో ఇకనైనా ఊరుకుంటుందని వాళ్ల లెక్క.

1660 మేలో ఆమె మళ్లీ వచ్చింది. భర్త క్వేకర్ కాదు. ప్రాణభిక్ష పెట్టమని గవర్నర్ ఎండికాట్‌కు రాసిన ఉత్తరం చదివితే, ఆమె ఎందుకలా చేస్తోందో ఆయనకూ పూర్తిగా అంతుబట్టలేదని తెలుస్తుంది. భార్యను పోగొట్టుకోలేని ఒక మామూలు మనిషి వేడుకోలు అది. జూన్ 1న, నిచ్చెన ఎక్కాక కూడా, ఇంటికి వెళ్లిపోతానంటే దించేస్తామన్నారు. కుదరదంది. చావును కోరుకుని వచ్చిందని అప్పుడూ అన్నారు, ఇప్పుడూ అనేవాళ్లున్నారు. మేం ఒప్పుకోం. ఆమె ప్రతిసారీ అడిగింది ఒక్కటే, ఆ చట్టం రద్దు చేయమని. చట్టానికి అసలు ముఖం ఏదో ఊరంతా చూడాలంటే, ఎవరో ఒకరు దాని ఎదుట నిలబడాలి.

1661లో మరొకరిని, విలియం లెడ్రాను, ఉరితీశాక విషయం ఇంగ్లండ్ రాజు రెండో చార్లెస్ దాకా వెళ్లింది. క్వేకర్లకు మరణశిక్ష ఆపమన్న రాజాజ్ఞను పట్టుకుని వచ్చింది ఎవరనుకుంటున్నారు? తిరిగొస్తే ఉరి అని సేలం నుంచి వెళ్లగొట్టిన శామ్యూల్ షాటక్. లోపలికి రాగానే అతని టోపీ తీసేయించాడు ఎండికాట్. కాగితం మీది రాజముద్ర చూశాక ఆ టోపీ తిరిగి ఇప్పించి, తన టోపీ తీశాడని క్వేకర్లు తర్వాత చాలాకాలం చెప్పుకున్నారు. చెప్పుకోరూ మరి!

ఉరి ఆగింది, కొరడా ఆగలేదు. 1661 నాటి కొత్త చట్టం ప్రకారం క్వేకర్లను నడుందాకా బట్టలు విప్పి, బండి వెనక కట్టి, ఊరూరా కొడుతూ సరిహద్దు దాటించాలి. అరవై ఏళ్లు దాటిన ఎలిజబెత్ హూటన్‌ను కూడా అలాగే కొట్టి అడవిలో వదిలేశారు. 1662 డిసెంబరు చలిలో డోవర్ మేజిస్ట్రేట్ రిచర్డ్ వాల్డ్రన్ ముగ్గురు స్త్రీల మీద ఉత్తర్వు రాశాడు. ఆన్ కోల్‌మన్, మేరీ టామ్‌కిన్స్, ఆలిస్ ఆంబ్రోజ్. పదకొండు ఊళ్లు, ఊరికి పది దెబ్బలు. మంచులో బండి వెనక నడిపించుకుంటూ తీసుకెళ్లారు. సాల్స్‌బరీ చేరాక వాల్టర్ బేర్‌ఫుట్ అనే వైద్యుడు, మిగతా దారి నేను తీసుకెళ్తానని చెప్పి, వాళ్లను కానిస్టేబుల్ చేతిలోంచి తన చేతిలోకి తీసుకున్నాడు. గాయాలకు కట్లు కట్టి, ఆ ఉత్తర్వు చెల్లని చోటికి దాటించాడు.

కొన్నాళ్లు అక్కడ తలదాచుకుని, ఆ ముగ్గురూ మళ్లీ డోవర్‌కే వెళ్లారు.