సొమ్మొకడిది, సోకొకడిది, గొంతు మరొకడిది

సహాయ నటుడికి ఉండాల్సిన అర్హతల గురించి జనంలో చాలా అపోహలున్నాయి. భాష రావాలట, గొంతు పలకాలట, పాత్ర పుట్టిన ఊరి గాలి కాస్తయినా సోకి ఉండాలట. ఇవన్నీ నిర్మాతకి ఖర్చు పెంచే మాటలు. ఇటాలియన్ సినిమా ఈ సంగతి 1958లోనే తేల్చి పారేసింది. నటుడు మొహం పట్టుకొస్తే చాలు, మిగతాది కంపెనీ చూసుకుంటుంది.

సాక్ష్యం కావాలంటే ఇటాలియన్ సహాయ నటుడు టిబేరియో ముర్జా జీవితం చూడండి. సార్డీనియా దీవిలోని ఒరిస్తానో ఊరివాడు. బెల్జియం వెళ్లి బొగ్గు గనిలో పనిచేశాడు. తర్వాత రోమ్‌లో ఒక హోటల్లో గిన్నెలు కడుగుతుండగా దర్శకుడు మారియో మోనిచెల్లి మనుషుల కంట పడ్డాడు. సన్నటి మీసం, నున్నగా వెనక్కి దువ్విన నల్లటి జుట్టు, నవ్వితే జరిమానా పడుతుందేమోనన్నట్టు బిగించిన మొహం. ఇంకేం, సిసిలీ దీవివాడి వేషానికి అచ్చమైన సిసిలీవాడు దొరికాడన్నారు. సిసిలీకీ సార్డీనియాకీ మధ్య సముద్రమొకటి ఉందన్న అభ్యంతరం లేవలేదు. లేచినా ఏమవుతుంది? నోరు తెరిస్తే సార్డీనియా బయటపడుతుంది కాబట్టి, ఆ నోట్లో వేరొకరి గొంతు పెట్టేశారు. అంగట్లో అన్నీ ఉన్నా అల్లుడి నోట్లో శని అంటాం కదా, ఆ శనికి శాంతి డబ్బింగ్ థియేటర్లో జరుగుతుందన్నమాట.

ఆ సినిమా 'ఇ సోలితి ఇన్యోతి', చేతకాని దొంగల ముఠా కథ. ముర్జా పాత్ర పేరు ఫెర్రిబోత్తె. పరువు మీద ప్రాణం పెట్టి, చెల్లెల్ని గడప దాటనివ్వకుండా ఇంట్లో పెట్టి తాళం వేసే అన్న. ఆ చెల్లెలు క్లాడియా కార్డినాలే, ట్యునీషియాలో పుట్టి పెరిగిన పిల్ల. ఆమెకీ గొంతు అరువే. అంటే సిసిలీ పరువు కాపాడే ఆ ఇంట్లో సిసిలీవాళ్లు ఇద్దరిలో ఒక్కరూ లేరు. పరువు మాత్రం చెక్కుచెదరలేదు. అదే ముఠాలో ఎప్పుడు చూసినా ఆకలితో నకనకలాడే ముసలాయన కపన్నెల్లె ఉన్నాడు. ఆ వేషం కట్టిన కార్లో పిసకానేది నేపుల్స్, తెర మీద పలికింది బొలోన్యా యాస. ముఠా అంతా కలిసి పక్కింట్లోంచి తాకట్టు కొట్టుకి కన్నం వేయబోయి, తప్పు గోడ పగలగొట్టి, అదే ఇంటి వంటగదిలో తేలుతుంది. ఇక చేసేదేం లేక అక్కడున్న శనగల పాస్తా తిని పోతారు. డబ్బింగ్ అవసరం లేకుండా నటించినది ఆ శనగలొక్కటే అని నా అనుమానం.

ఆ రోజుల్లో ఇటలీలో బొమ్మ ముందు తీసి, మాట తర్వాత అతికించేవారు. మహానుభావుడు ఫెల్లినీ అయితే కొందరు నటుల చేత సెట్లో డైలాగుకి బదులు అంకెలు చెప్పించేవాడు. కెమెరా ముందు ఒకటి, రెండు, మూడు అన్నది కొన్నాళ్లకి విరహవేదనగా వినిపించేది. మనం నవ్వకూడదు. మన తెర మీద తొడగొట్టే విలన్లలో ఎవరి అరుపు ఎవరిదో డబ్బింగ్ వాళ్లకే ఎరుక.

ముర్జా అదృష్టం అక్కడితో ఆగలేదు. వందకు పైగా సినిమాలు చేశాడు, దాదాపు అన్నిటిలోనూ సిసిలీవాడే. 1959లో సీక్వెల్ వచ్చింది, అందులోనూ ఆయన ఫెర్రిబోత్తే. 1985లో ఇంకొకటి వచ్చింది, మళ్లీ ఫెర్రిబోత్తె. ఇరవయ్యేడేళ్లపాటు పక్క దీవి కోపాన్ని మోసిన మనిషికి సార్డీనియా నష్టపరిహారం అడగాలో, సిసిలీ పౌరసత్వం ఇవ్వాలో ఇప్పటికీ తేలలేదు. ఆయన 2010లో పోయాడు కాబట్టి ఫైలు మూసేసినట్టే.

ఇంత చక్కని పద్ధతికి గండి కొట్టినవాడు మారియో బ్రేగా. రోమ్‌లో మాంసం కొట్టే మనిషి, ఆకారం గుమ్మం పట్టనంత. దర్శకుడు సెర్జియో లియోనే 1964లో తీసిన కౌబాయ్ సినిమా 'ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్'లో ఈయన పేరు కూడా ఉంచలేదు, టైటిల్స్‌లో రిచర్డ్ స్టైవెసంట్ అయిపోయాడు. ఫిర్యాదు చేయడానికి లేదు, దర్శకుడు లియోనే పేరే బాబ్ రాబర్ట్‌సన్ అయిపోయింది. అందులో దొర్లుకుంటూ వచ్చిన పీపా కింద నలిగిపోయాడు. 1966లో అదే దర్శకుడి 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ'లో నటుడు ఈలై వాలక్‌తో సంకెళ్లు పంచుకుని, కదిలే రైల్లోంచి ఆయనతోపాటు కిందపడి, ఆయన చేతిలోనే చచ్చాడు. చక్కగా చస్తున్న మనిషి. ఎవరికీ ఇబ్బంది లేదు.

ఇంతలో కార్లో వెర్దోనే అనే కుర్ర దర్శకుడు 1980 నుంచి వరసగా మూడు సినిమాల్లో ఆయన్ని సొంత గొంతుతో, సొంత రోమ్ యాసలో మాట్లాడనిచ్చాడు. ఒకదాంట్లో లారీ డ్రైవరు వేషం. ఓ ముసలావిడకి ఇంజెక్షన్ పొడిచి, ఈ చెయ్యి ఇనుమూ కాగలదు, ఈకా కాగలదు, ఇవాళ ఈక అయింది అంటాడు. అరవై దగ్గరపడ్డ వయసులో అన్న ఆ మాట రోమ్‌లో సామెతయి కూర్చుంది. పీపాలూ రైళ్లూ ఎవరికీ గుర్తు లేవు.

కాబట్టి నిర్మాతలకి నా మనవి. సహాయ నటుడు కావాలంటే మాంసం కొట్టు వైపు పోకండి. అక్కడ గిరాకీతో అరిచి అరిచి గొంతు ముదిరిపోయి ఉంటుంది. హోటలు వెనక గిన్నెలు తోమే చోటే నయం, ఆ చప్పుడులో ఎవడి యాసా వినపడదు.