నాటకాలాయన అంటే డైలాగుల మిషనా?

"మీరు నాటకాలు రాస్తారటగా సార్, నాలుగు పంచ్‌లు కొట్టి ఇవ్వండి."

మొన్న ఒక సినిమా ఆఫీసులో నాకు దక్కిన మర్యాద ఇది. కథ పూర్తిగా చెప్పలేదు. సీను ఎక్కడ ఎత్తుకోవాలో అడగలేదు. వంటంతా అయిపోయిందట, పైన తాలింపు పెట్టి వెళ్లమన్నారు. టీ తాగి వచ్చేశాను. టీ మాత్రం బాగుంది.

మన దగ్గర ఇదో జబ్బు. స్టేజీ మీంచి మనిషి వచ్చాడంటే తీసుకెళ్లి "మాటలు" దగ్గర కూర్చోబెడతారు. గణేష్ పాత్రో గారు ‘కొడుకు పుట్టాల’ రాసిన మనిషి. ‘ఆకలి రాజ్యం’ డైలాగులు అప్పజెప్పేవాళ్లలో ఆ నాటకం పేరు విన్నవాళ్లెందరు? ఆయన మాటలు తక్కువని కాదు నా ఏడుపు. నాటకం రాసేవాడి దగ్గర మాటలు తప్ప ఇంకేం ఉండవనుకోవడం చూస్తేనే ఒళ్లు మండుతుంది.

మరాఠీ నాటకాలాయన విజయ్ తెండూల్కర్‌ని చూడండి. (స్కోరెంతని అడక్కండి, ఈయన వేరు.) ‘నిశాంత్’, ‘మంథన్’, ‘అర్ధసత్య’, ఈ మూడు హిందీ సినిమాలకీ స్క్రీన్‌ప్లే ఆయనదే. హిందీ మాటలేమో సత్యదేవ్ దూబే, కైఫీ ఆజ్మీ, వసంత్ దేవ్‌లవి. అయినా ‘మంథన్’ స్క్రీన్‌ప్లేకి జాతీయ అవార్డొచ్చింది. మరి ఆయనిచ్చిందేంటి?

ఆయన నాటకం ‘శాంతతా! కోర్ట్ చాలూ ఆహే’ మొదట్లో బెనారే అనే టీచరమ్మ తలుపు గడియ తీస్తూ వేలు నలగ్గొట్టుకుంటుంది. చిన్న విషయం, మనం మర్చిపోతాం. తర్వాత పొద్దుపోక ఉత్తుత్తి కోర్టు ఆట మొదలెడతారు, నిందితురాలు ఆవిడే. ఆట ముదిరి ఆవిడ సొంత బతుకునే బోనెక్కిస్తారు. లేచి వెళ్లిపోదామని తలుపు దగ్గరికొస్తే అది రాదు, బయట గడియ పడింది. అదే తలుపు! ఆ భయం ఏ పంచ్‌కి వస్తుంది?

ఆయనదే ఇంకో నాటకం ‘ఘాశీరాం కొత్వాల్’ (1972)లో అయితే తెరే మనుషులు. వరసగా నిలబడ్డ పన్నెండుమంది ఊగుతూ, పాడుతూ, వెనకాల జరిగే ఘోరాన్ని దాస్తారు. గోడ కట్టించే ఖర్చు కూడా లేదు, మన నాటక పరిషత్తు వాళ్లు గమనించాలి.

‘నిశాంత్’ మన తెలంగాణ దొరల కాలం కథే. భార్యని ఎత్తుకుపోతే ఆ బడిపంతులు ఎక్కని గడప లేదు. చివరికి ఊరంతా తిరగబడుతుంది. ఈలలేద్దామనుకునేలోపు ఆ గుంపు ఆమెనీ వదలదు. మనవాళ్లయితే అక్కడ హీరో చేత ఉపన్యాసం ఇప్పించేవారు.

ఇక ఆయనే రాసిన సినిమా ‘ఆక్రోశ్’ (1980). భార్యని చంపాడని కేసు పడ్డ భీకూ దాదాపు సినిమా అంతా నోరు విప్పడు. వకీలు బతిమాలినా విప్పడు. నాటకాల్లో పండిన చెయ్యి, కథకి ఇరుసైన మనిషికే మాట లేకుండా చేసింది. భీకూగా వేసిన ఓం పురి కళ్లు చూస్తూ కూర్చుంటాం, అంతే.

సినిమాలకి పోయి నాటకం మానేశాడా అంటే అదీ లేదు. ‘అర్ధసత్య’ వచ్చిన 1983లోనే ‘కన్యాదాన్’ రాశాడు.

నిన్న ఆ ఆఫీసు నుంచి మళ్లీ ఫోను. ఇంటర్వెల్‌కి ముందు హీరోకి పేజీన్నర డైలాగు కావాలట.

"అక్కడ హీరో ఏమీ మాట్లాడకపోతే ఎలా ఉంటుందండీ?" అన్నాను.

"మళ్లీ చేస్తాం సార్" అన్నారు.