రెండుసార్లు లెక్కకొచ్చే ఒక్కటి
మల్టిప్లిసిటీ అంటే ఎక్కడైనా 'చాలా ఉండటమే' అని మీ వ్యాసంలో రాశారు, అది నాకు ఒప్పుదల కాలేదు. హనుమకొండలో పదో తరగతి పిల్లలకు ట్యూషన్ చెప్తాను. ఎక్స్ మైనస్ 2 హోల్ స్క్వేర్ ఈక్వల్ టు సున్నా అని బోర్డు మీద రాస్తే, "వచ్చేది 2 ఒక్కటే కదా సార్, రెండు సమాన మూలాలని ఎందుకు రాయాలె?" అని ఏటా ఎవరో ఒకరు అడుగుతారు. ఉన్నది ఒక్కటే, లెక్కలోకి రెండుసార్లు వస్తుంది; ఆ 'ఎన్నిసార్లు' అన్నదే గణితంలో మూలానికి మల్టిప్లిసిటీ. గ్రాఫ్ గీస్తే వక్రం అడ్డగీతను దాటదు, తాకి వెనక్కి మళ్లుతుంది. కెమిస్ట్రీలో ఇంకో తంటా: ఆక్సిజన్ అణువులో జత లేని ఎలక్ట్రాన్లు రెండే, స్పిన్ మల్టిప్లిసిటీ (వాటి స్పిన్ ఎన్ని రకాలుగా అమరగలదో చెప్పే అంకె) మాత్రం 3. మీరన్న 'చాలా' 1163లో రుద్రదేవుడు కట్టించిన మా వేయిస్తంభాల గుడికైతే సరిపోతుంది, అక్కడ వేయి అంటే మాకు బోలెడు అనే (చిన్నప్పుడు లెక్కపెట్టబోయి మధ్యలోనే వదిలేశాను).